ఖాసింభాయిని పేరు పెట్టి పిలిచిన కొండ

లడాయి అయిపోయి ఓడలు మళ్ల నడుస్తున్నయ్ గనుక, స్విట్జర్లాండ్ కొండలు చూడబోయేటోళ్ల కోసం ఇది రాస్తున్న. లడాయికి ముందు మా నవాబుసాబ్‌కు ఛాతీ జబ్బు చేస్తే, కొండగాలి తగలాలన్నడు డాక్టరు. ఆయన బట్టలు చూసుకునేందుకు లాల్‌దర్వాజా నుంచి నేను, వంటకు పత్తర్‌గట్టి ఖాసింభాయ్ వెంట పోయినం. బొంబాయి దాక రైలు, ఆడికెల్లి పన్నెండు దినాలు ఓడ, మళ్ల ఒక రాత్రి రైలు.

ఒకనాడు సాబ్ సెలవిస్తే, పొద్దుగాల తొమ్మిదింటికి రంపం లెక్క పండ్లున్న చక్రాలతోటి గుట్టెక్కే చిన్న రైలెక్కినం. పోనురాను మనిషికి ఆరు ఫ్రాంకులు, రెండు గంటల దారి. మన గుట్టలు బండలే, మనిషి ఎక్కి కూసుంటడు. ఇవి టోపీ వెనుకకు పడేదాక తలెత్తినా కొన కానరాదు. దిగంగనే డ్రైవరు ఆకాశం దిక్కు చూపి, వచ్చీరాని ఇంగ్లీషుల "మబ్బు దిగితే బాట ఇడువకుండ్రి" అన్నడు.

"ఏమంటుండు మల్లయ్యా?" అన్నడు ఖాసింభాయ్.

"పేరు చెప్తే ఈ కొండ పలుకుతదట భాయ్."

ఆయన లోయ అంచు దిక్కు పోయి "ఖాసిం!" అని అరిచిండు. నేను బండ సాటుకు చేరి, గొంతు మార్చి, "ఖాసింభాయ్, సలాం" అన్న. ఆయన మురిసిపోయి కొండకు వంగి సలాం చేసిండు. నేను నోరు మూసుకొని నవ్వుతుండంగనే మబ్బు దిగింది. నా చెయ్యి నాకే కానరాలే.

"ఖాసింభాయ్, కదలకు!" అని అరిచిన.

"మల్లయ్యా, ఇన్నవా? మళ్ల పిలుస్తుంది!" ఆయన మాట ఇంకింత దూరం నుంచి వచ్చింది. నేను నిజం చెప్పినా కొండ చెప్పినట్టే అయితుంది. కొండకు తెలువని మాట కావాలె.

"నిన్నటి బిర్యానీ అడుగంటింది!" అని బొబ్బ పెట్టిన.

అడుగుల చప్పుడు ఆగింది. "ఎవడ్రా అన్నది? మల్లిగా! దమ్ముంటే ముందటికి రా!"

"ఆడనే నిలబడు, వస్తున్న. ఉప్పు గూడ ఎక్కువైంది!"

ఆయన తిట్లు పట్టుకొని పాకుకుంట పోయి కోటు కొస అందుకున్న. మబ్బు చీలినంక చూస్తే, నాలుగడుగుల అవతల నేల లేదు. ఆయన లోయను చూసి, నన్ను చూసి, "నిజంగ అడుగంటిందా?" అన్నడు.

"లేదు భాయ్" అన్న. ఏడుపు, నవ్వు రెండూ ఒక్కతీరుగనే వచ్చినయ్.

ఈ నలభై ఏండ్ల వయసుదాక ఎందరినో ఆటపట్టించిన. దొరికిపోయి సంతోషపడ్డది గా ఒక్కసారే. మూడింటి బండి కిందికి దిగేదాక ఆయన తిడుతనే ఉన్నడు, నేను ఆపమనలే. పోయేటోళ్లకు ఒక్క మాట: మెడల ఒక సీటీ ఏసుకొని పోండి, మబ్బు దిగితే నిలబడ్డ కాడనే నిలబడి ఊదుండ్రి.