కోటిగాడి ఫొటో ఒక్కటీ లేదు

నిన్న పొద్దున మిర్చి యార్డులో బస్తాలు దించుతుంటే కోటి వాళ్ళక్క ఫోన్. గుండెపోటంట. హాస్పిటల్‌కి తీసుకెళ్ళేలోపే పోయాడంట.

మొన్న సాయంత్రమే కదా నా ఫోనుకి కొత్త గ్లాస్ వేసి, మళ్ళీ పగలగొట్టావంటే నా షాపు మెట్లెక్కొద్దని తిట్టాడు. ఇంకా నమ్మబుద్ధి కావట్లా.

తెలియనివాళ్ళకి చెప్తున్నా. కోటి మా స్కూల్ బ్యాచ్. బ్రాడీపేటలో సెల్ రిపేర్ షాపు. చిన్నప్పుడు పోలియో వచ్చింది, చంకకర్రల మీద నడిచేవాడు. నోరు మాత్రం మా అందరికంటే పెద్దది.

మధ్యాహ్నం అక్క మళ్ళీ చేసింది. ఫ్లెక్సీ వేయించాలి, నవ్వుతున్న ఫొటో ఒకటి పంపు తమ్ముడూ, ఎప్పుడూ మీతోనేగా తిరిగేవాడు, అంది.

గ్యాలరీ మొత్తం వెతికా. గ్రూపులో అందర్నీ అడిగా. పెళ్ళిళ్ళు, బర్త్‌డేలు, వాడరేవు బీచ్ ట్రిప్పులు... బోలెడు ఫొటోలు.

ఒక్కదాంట్లోనూ కోటి లేడు.

ఎందుకుంటాడు? తీసింది వాడేగా.

వాడరేవు వెళ్తే ఎప్పుడూ ఇంతే. కర్రలు ఇసకలో దిగబడతయ్ అని వాణ్ణి ఒడ్డునే కుర్చీలో కూర్చోబెట్టేవాళ్ళం. ఒళ్ళో మా ఫోన్లు, పక్కన మా చెప్పులు. మేం నీళ్ళల్లో. పొట్టలు లోపలికి పీల్చండ్రా, ఫ్రేములో పట్టట్లా అని అరుస్తూ తీసేవాడు.

వాణ్ణి కలుపుకుపోతున్నాం అనుకున్నాం. చూసినోళ్ళు కూడా మీ ఫ్రెండ్‌షిప్ సూపర్ అనేవాళ్ళు. తల్చుకుంటే సిగ్గేస్తోంది.

పోయిన ఎండాకాలం ఒక్కసారి అడిగాడు.

"నన్ను కూడా నీళ్ళ దాకా తీసుకెళ్ళండ్రా. కాళ్ళు తడిస్తే చాలు."

నేనే అన్నా. బట్టలు తడుస్తయ్, కార్లో సీటు పాడవుద్ది, నెక్స్ట్ టైం చూద్దాంలే అని.

సరేలే అని ఫోన్ ఎత్తి, నవ్వండ్రా అన్నాడు. మేం నవ్వాం. నిన్నటిదాకా నా డీపీ ఆ ఫొటోనే.

రోజంతా మిర్చి బస్తాలు మోసే ఒళ్ళు నాది. వాణ్ణి ఎత్తుకోవడం నాకెంత పని?

చివరికి వికలాంగుల సర్టిఫికెట్ కోసం దిగిన పాస్‌పోర్ట్ ఫొటోనే ఫ్లెక్సీ మీద వేశారు. బిగుసుకుని కూర్చున్నాడు. అది మా కోటి కాదు.

రేపు అస్థికలు వాడరేవులో కలుపుతారంట. నీళ్ళల్లోకి నేను తీసుకెళ్తానని అక్కని అడిగా. సరే అంది.

ఈసారి ఫోన్లు ఇంట్లోనే పెట్టి వస్తాంరా కోటీ. ఒడ్డున ఎవ్వరం ఉండం.

వెళ్ళిరారా. నీ మనసు చల్లగా ఉండాలి.