తూకం రోజు గ్యాసు పొయ్యి

ఉద్యోగ విరమణకు రెండేళ్ల ముందు, వేసవి మొదట్లో, నన్ను ఆమదాలవలస దగ్గరి ఒక ఊరికి వంటచెరకు సర్వే మీద వేశారు. అంతకుముందు నా కొలువంతా భౌతికశాస్త్ర ప్రయోగశాలలో, లేజరు కిరణాలతో. నిధులు ఆగి అది మూతపడ్డాక ఇంధన విధాన పరిశోధనలోకి వచ్చాను. పశువులు కాసి, పదేళ్లు దాటాక అక్షరాలు దిద్దుకున్నవాణ్ణి, ఉన్నమాటే చెబుతాను. ఆ ప్రయోగశాల చీకటి గది మీద బెంగ నన్ను వదల్లేదు. అక్కడి కిరణం నన్ను చూసి నడక మార్చుకునేది కాదు.

సర్వే పద్ధతి సులువే. ఇంట్లోని కట్టెలూ, గ్యాసు బండా తూచి వస్తాం. మర్నాడు మళ్లీ తూచి, తగ్గినదాన్ని వాడకంగా రాస్తాం. కట్టెలు మానలేని ఊళ్లకు బండ మీద అదనపు రాయితీ సిఫారసు చేస్తాం. పొగకు దగ్గి దగ్గి నలిగిపోయిన అప్పలనరసమ్మ ఇంట్లో ప్రతిసారీ గ్యాసే తగ్గింది, కట్టెలు కదల్లేదు. వీధంతా అదే లెక్క. ఆ అంకెలు పంపితే ఊరికి రాయితీ రాదు.

అనుమానం వచ్చి, ఒక ఉదయం చెప్పకుండా వెళ్లాను. పెరట్లో కట్టెల పొయ్యి భగ్గున మండుతోంది. మరి మొన్న గ్యాసెందుకు వాడావని అడిగాను.

“ఓలమ్మ! ఇంటికొచ్చినోలని పొగలో కూకోబెట్టమంతావేటి బావూ? మీరు తూకానికొచ్చే రెండ్రోజులూ వండడానికే దాసినాను ఆ బండ. ఈదిలో నా పరువేటి కావాల?”

“నీ పరువు నీ దగ్గు తగ్గిస్తాదేటి అప్పా?” నాకూ మా యాస వచ్చేసింది.

“నీ నోరు మండ! ముందు టీ తాగు,” అంది దగ్గుతూనే.

పాత అంకెలన్నీ కొట్టేశాను. గడువు దాటితే ఈ ఏడు జాబితాలో ఊరి పేరుండదని మా డైరెక్టరు కోప్పడ్డారు. అయినా కాటా తీయకుండా, రోజూ వెళ్లి ఆ పెరట్లో ఊరికే కూర్చున్నాను. చివరికొకరోజు అప్పలనరసమ్మ నన్ను చూసి లేవనైనా లేవలేదు. “వొచ్చినావా? ఆ కట్టెలిలా తొయ్యి,” అంది. మర్నాడు తూకం మొదలుపెట్టాం. కట్టెలు తగ్గాయి, బండ కదల్లేదు.

నివేదిక ఆలస్యంగా చేరింది. రాయితీ మరుసటి ఏడు గాని రాలేదు.

ఇప్పుడు నా బెంగ చీకటి గది మీద కాదు, ఆ పెరటి మీద. నేర్చుకున్నది మాత్రం ఇది: వంటింట్లో చుట్టంగా ఉన్నన్నాళ్లు మన తూకం చెల్లదు. ఆ చుట్టరికం పాతబడేందుకు పట్టే కాలం మా గడువుల్లో ఉండేది కాదు. అందుకు ఆమె మరో వానాకాలం పొగ మింగింది.