సముద్రం ఇల్లు తీసుకుపోయే సినిమా

ఈ ఉదయం టీలో లవంగం వేసి మరిగిస్తుంటే ఆ ఘాటుకు సుభద్ర గారు గుర్తొచ్చారు. ఉప్పాడలోని ఒక చిన్న బడిలో నేను టీచరుగా చేరినప్పుడు ఆవిడ మా హెడ్మిస్ట్రెస్. అంతకుముందు, భర్త కాగితం మిల్లు ఉద్యోగం వల్ల ఎనిమిదేళ్ళు ఇండోనేషియాలో ఉండి వచ్చారు. టీలో లవంగం వేయడం అక్కడి పొరుగావిడ నేర్పిందట. ఎక్కువ మాట్లాడే మనిషి కాదు. అక్కడ చూసిన ఒక జపాన్ బొమ్మల సినిమా గురించి మాత్రం తరచూ చెప్పేవారు. అందులో తాతా మనవరాలూ సముద్రపు ఒడ్డున ఉంటారు. అలలు వాళ్ళ ఇంటిని తీసుకుపోతే, మెరక మీద మరో ఇల్లు కట్టుకుంటారు. అక్కడ ఆవిడ ఉన్నది కూడా ఒకప్పుడు సముద్రం పొంగి ఇళ్ళు పోయిన ఊరే. ఇల్లు కొట్టుకుపోయే చోట తల్లులు పిల్లల్ని ఎత్తుకుని హాలు బయటికి వచ్చేశారట. మర్నాడు ఆ తల్లులే మళ్ళీ టిక్కెట్లు కొన్నారట. "సగంలో తీసుకొచ్చేశారు కదండీ, పిల్లల మనసులో ఆ ఇల్లు పోయినట్టే ఉండిపోయింది" అనేవారు సుభద్ర గారు.

ఒక మధ్యాహ్నం కిటికీలకు దుప్పట్లు కట్టి ఆ సినిమా మా పిల్లలకు వేశారు. మాటలన్నీ ఆవిడే పక్కన నిలబడి తెలుగులో చెబుతున్నారు. అల ఇంటి గోడను తాకగానే నాలుగో తరగతి నూకరత్నం లేచి బయటికి వెళ్ళిపోయింది. అంతకుముందు వానాకాలంలో వాళ్ళ ఇల్లు సముద్రంలో కలిసింది. నేను కంగారుగా ప్రొజెక్టరు ఆపబోయాను.

"ఆపకండి. మీరు వెళ్ళి ఆ పిల్ల పక్కన కూర్చోండి" అన్నారు. వెళ్ళి మెట్ల మీద కూర్చున్నాను. సినిమా అయ్యేదాకా ఇద్దరం అక్కడే ఉన్నాం.

మర్నాడు నూకరత్నం వాళ్ళ అమ్మ, చేపలమ్ముకునే మనిషి, పిల్ల చెయ్యి పట్టుకుని బడికి వచ్చింది. "ఏంటండీ మేడం గారూ, మా పిల్ల అన్నం ముట్టలేదు. ఏడిపించడానికా బడికి పంపేది?" అని నిలదీసింది. సుభద్ర గారు తన ఇండోనేషియా కథ చెప్పి సమర్థించుకుంటారనుకున్నాను. చెప్పలేదు.

"తప్పు నాదేనమ్మా. పిల్లకి ముందే చెప్పి, ఇష్టమైతేనే కూర్చోబెట్టాల్సింది. మిగతా సగం మీరిద్దరూ చూస్తారా?" అని అడిగారు.

తల్లి కూతురి వంక చూసింది. కూతురు తలూపింది. ఆఫీసు గదిలో చిన్న తెర మీద ఇద్దరూ చూశారు. తాత బట్టల పెట్టె మోసుకుని పరుగెత్తుతుంటే తల్లి ఉండబట్టలేకపోయింది. "పెట్టెలెందుకండీ? ముందు తలుపులు ఊడదీసుకోవాలి. మళ్ళీ కొనాలంటే మాటలా?" అంది. నూకరత్నం ఫక్కున నవ్వింది. "మనం కిటికీలు కూడా తెచ్చుకున్నాం కదే అమ్మా" అని తాతకు తెలియనిదేదో తనకు తెలిసినట్టు చెప్పింది. కొత్త ఇల్లు లేచేదాకా ఇద్దరూ కదల్లేదు.

సుభద్ర గారు పోయి మూడేళ్ళయింది. ఇప్పుడు నేను రాజమహేంద్రవరంలో ఒక బడి నడుపుతున్నాను. పిల్లలకు సినిమా వేసే ముందు అందులో ఏం జరుగుతుందో చెప్పేస్తాను. కథ పాడైపోతోందని తోటి టీచర్లు విసుక్కుంటారు. చెప్పాక కొందరు కూర్చుంటారు, ఒకరిద్దరు లేచి వెళతారు. ఎందుకు వెళ్ళావని ఎవరినీ అడగను.