రాతి ఆడబిడ్డకు పసుపు

కంబోడియా గుళ్ళు చూసి వచ్చామని తెలిస్తే ఎవరైనా మొదట ఫోటోలు అడుగుతారు. ఉన్నాయి, చూపిస్తాను. పొద్దున తీసిన వాటిలో మా అవ్వ రెండు చేతులూ జోడించి నిలబడి ఉంటుంది. మధ్యాహ్నం తర్వాత తీసిన వాటిలో ఆమె చేతులు కనబడవు, కొంగు కింద ఉంటాయి. ఎందుకని ఇంతవరకు ఎవరూ అడగలేదు. అడిగితే నోటితో చెప్పగలనని అనుకోను, అందుకే రాస్తున్నాను.

మా దిక్కు తల్లిని అవ్వ అంటాం, తండ్రిని బాపు అంటాం. మాది నందిపేట దగ్గర ఒక పసుపు ఊరు. నన్ను బోధన్‌కు ఇచ్చారు, అక్కడే బడిలో పంతులమ్మనయ్యాను. తమ్ముడు దుబాయిలో ఏసీ మెకానిక్కు. వాడి కంపెనీ వాళ్ళు కంబోడియాలో కొత్త హోటలు కడుతూ వాణ్ని అక్కడికి పంపారు. ఇక చూడండి, ఫోను మీద ఫోను. అవ్వను తోలుకొని రా అక్కా, ఈ గుళ్ళు చూస్తే ఆమె పానం లేచొస్తది అని. దుబాయి చూపిస్తానని ఎప్పుడో చేయించిన పాస్‌పోర్టు అవ్వ పెట్టెలో చీరల కింద అట్లాగే ఉంది. బాపు పోయిన తర్వాత ఆమె ఇల్లు, చేను తప్ప ఎక్కడికీ కదలలేదు. ఎండాకాలం సెలవుల్లో ఇద్దరం బయలుదేరాం.

తీరా పోయాక తమ్ముడికి డ్యూటీ పడింది. వాడు మమ్మల్ని ఒక చిన్న వ్యానులో ఎక్కించాడు. పొద్దంతా గుళ్ళు తిప్పి చూపించి, చీకటి పడేలోపు దించేస్తారట. అందులో మేమిద్దరం, ఒక ముసలి తెల్ల దంపతులు, ఇద్దరు జపాను అమ్మాయిలు. గైడు నలభై ఏళ్ళ సన్నటి మనిషి. మెడలో ఫోటో ఉన్న గైడు లైసెన్సు బిళ్ళ వేలాడుతోంది. మాట్లాడేటప్పుడు దాన్ని చేత్తో పట్టుకునే అలవాటు ఉంది అతనికి.

వ్యాను ఎక్కిన దగ్గరి నుంచే నాకు అవ్వతో తలవంపుగా ఉంది. దాచుకుని లాభం లేదు, ఉన్నమాటే చెబుతున్నాను. ఆమె పగిలిన మడమలు, రబ్బరు చెప్పులు, రొంటిన దోపుకున్న చిన్న బట్ట సంచి, నోట్లో వక్క. తెల్లామె నవ్వుతూ పలకరిస్తే అవ్వ పళ్ళన్నీ ఎర్రగా కనబడేట్టు నవ్వింది. వక్క ఉమ్మెయ్యమని చెవిలో అన్నాను. ఎక్కడ ఉమ్మాలో తెలియక, పాపం, మింగేసింది. మీ అమ్మగారు ఏం చేస్తారని తెల్లామె అడిగితే వ్యవసాయం అని క్లుప్తంగా చెప్పి, నా బడి గురించి మాత్రం విస్తరించి చెప్పాను.

అంకోర్‌వాట్ గుమ్మంలోనే ఎనిమిది చేతుల విష్ణుమూర్తి ఉన్నాడు. ఒంటికి పసుపుపచ్చ బట్ట, ముందర ఊదుబత్తులు, పూలు. అక్కడి ఆడవాళ్ళు మోకాళ్ళ మీద కూర్చుని మొక్కుతున్నారు. అవ్వ ముఖం వెలిగిపోయింది. మన దేవుడే గదనే, ఈళ్ళు గూడ మొక్కుతున్నరు అని నన్ను మోచేత్తో పొడిచింది. గైడు అప్పుడే మా అందరినీ దగ్గరికి పిలిచి ఒక మాట చెప్పాడు. ఈ విగ్రహానికి పూజ ఉంది, ఫరవాలేదు. లోపల మాత్రం దేన్నీ వేలితో కూడా తాకవద్దు. పోయినేడు ఒకాయన గోడ మీద పేరు చెక్కాడు, దానికి నా బిళ్ళ తీసేసుకున్నారు, సీజనంతా ఇంట్లో కూర్చున్నాను. మళ్ళీ అట్లా జరిగితే ఇక ఈ పని ఉండదు, ఇల్లు గడవదు. నవ్వుతూనే చెప్పాడు గానీ చెయ్యి బిళ్ళ మీదే ఉంది.

నేను అదంతా అవ్వకు తెలుగులో చెప్పాలి. చెప్పలేదు. జల్దీ నడువు, లోపలికి పోతున్నం అన్నాను, అంతే.

లోపల పొడుగాటి గోడ నిండా పాలసముద్రం చిలుకుతున్న బొమ్మలు. గైడు నా వైపు తిరిగి, ఈ కథ మేడంకు నాకంటే బాగా తెలిసి ఉంటుంది అన్నాడు. ఇంకేం, మనం ఉబ్బిపోయాం. జపాను అమ్మాయిలను ముందు నిలబెట్టుకుని, ఎనిమిదో తరగతికి పాఠం చెప్పినట్టు మందర పర్వతం దగ్గరి నుంచి మొదలుపెట్టాను. వాసుకి, హాలాహలం, అమృతం. తెల్లాయన నా ఫోటో కూడా తీశాడు. కథ ముగించి వెనక్కి చూస్తే అవ్వ లేదు.

మూల తిరిగిన చోట దొరికింది. అక్కడ గోడ పొడుగునా రాతి ఆడవాళ్ళు చెక్కి ఉన్నారు, మెడ నిండా నగలు, తల మీద కిరీటాలు. ఒకామె ముఖం మాత్రం అరిగిపోయి కన్నూ ముక్కూ తెలియకుండా ఉంది. మా అవ్వ ఆమె ముందు మోకాళ్ళ మీద కూర్చుని, బట్ట సంచి విప్పి, ఆ రాతి పాదాలకు పసుపు పూస్తోంది. ముఖానికి అప్పటికే పూసేసింది. అది కొట్టులో కొన్న డబ్బా పసుపు కాదు, మా చేను పసుపు. ఆ మసక వెలుతురులో కూడా ఇంత దూరానికి కనబడుతోంది. సంచిలో ఉన్నది వక్కలే అనుకున్నాను నేను, ఇంటి నుంచి అక్కడిదాకా.

మిగతావాళ్ళతో నా వెనకే వచ్చిన గైడు అది చూసి బిళ్ళను గుప్పిట్లో పట్టుకున్నాడు. నేను పరుగెత్తి, సీసాలో నీళ్ళు పోసి, బ్యాగులో ఉన్న కాగితం సబ్బు తీసి రుద్దాను. పసుపు ఊళ్ళో పుట్టినదాన్ని. ఏడాదికోసారి నిజామాబాద్ యార్డులో పసుపు బస్తాల మధ్య ఆడుకున్నదాన్ని. పసుపుకు సబ్బు తగిలితే ఏమవుతుందో నాకు ఒకరు చెప్పాలా? ఆ గాబరాలో బుద్ధి గడ్డి తిన్నది. పచ్చగా ఉన్న రాతి ముఖం చూస్తుండగానే ఎర్రగా మారింది, నురగ ఎర్రగా గోడ మీదుగా కారింది. జపాను అమ్మాయి ఒకతె వెనక్కి అడుగు వేసింది.

కాపలాదారు వచ్చాడు. నెరిసిన జుట్టు, ఖాకీ బట్టలు. గోడను చూశాడు, గైడును చూశాడు, చెయ్యి చాపాడు. గైడు మెడలోంచి బిళ్ళ తీసి ఆ చేతిలో పెట్టాడు.

నాకు ఒళ్ళంతా మండిపోయింది. అతని బతుకు మా వల్ల పోతోందన్న సిగ్గు, ఇంతమంది ముందు దొంగల్లా నిలబడ్డ సిగ్గు, ఎర్రబడిన నా చేతుల సిగ్గు, అన్నీ కలిసి అవ్వ మీద పడ్డాయి.

"నీకెందుకే పసుపు? పసుపుతోని నీకేం పనే?" అని అరిచాను.

అనుకున్నది ఒకటి, నోట్లోంచి వచ్చింది ఒకటి. ఇక్కడెందుకు పూశావని కదా అడగాలి. అవ్వ పైకి లేవకుండానే నా ముఖం వైపు చూసింది.

"ఈడ నన్నెవలు ఎరుగరు గదా బిడ్డా" అంది. "ఆమె ముఖం బోసిగున్నది. ఎవలింటి ఆడబిడ్డనో."

భర్త పోయిన ఆడమనిషి శుభకార్యంలో పసుపు ముట్టవద్దని మా దగ్గర పట్టింపు. దేవతకు పెట్టవద్దు, పేరంటంలో ఎవరికీ పుయ్యవద్దు. పనికి మాత్రం ఆ పట్టింపు లేదు. బాపు పోయాక కూడా ఏటా పసుపు తవ్వించింది, ఉడకబెట్టింది, ఆరబోసింది అవ్వే. ఆ నెలల్లో ఆమె చేతులు మోచేతి దాకా పచ్చగా ఉండేవి. నా పెద్దబిడ్డ పెళ్ళికి కొమ్ములన్నింట్లో మంచివి ఏరి బస్తాలో కట్టుకుని బోధన్ బస్సెక్కి తెచ్చింది కూడా ఆమే. పసుపు కొట్టే రోజు ముత్తైదువలు రోలు చుట్టూ చేరి, రోకలికి కంకణం కట్టి పాట ఎత్తుకున్నారు. అవ్వ వెనక వంటింట్లో ఉల్లిగడ్డలు కోస్తోంది. ఎవరో, అవ్వేది, కనబడదేంది అని అడిగారు. పని మీదున్నదని చెప్పింది నేను. ఆ తర్వాత దాని గురించి ఇద్దరం ఎన్నడూ మాట్లాడుకోలేదు. నేనైతే మరిచిపోయాను కూడా.

గైడు నా పక్కకు వచ్చాడు. గొంతు పెంచలేదు. ఎందుకు చేసిందని కాపలాయన అడుగుతున్నాడు, సమాధానం లేకపోతే నా బిళ్ళ ఆఫీసుకు పోతుంది, పోతే తిరిగి రాదు అన్నాడు. ఏదో ఒకటి కల్పించవద్దు మేడం, ఉన్నది చెప్పండి అన్నాడు.

చెప్పాను. పాలసముద్రం కథ గడగడా చెప్పిన నోరే, ఈ నాలుగు ముక్కలకు తడబడింది. మా దగ్గర భర్త చనిపోతే ఆడమనిషి దేవతకు పసుపు పెట్టకూడదు. ఇక్కడ ఆమెను ఎరిగినవాళ్ళు లేరు. అందుకని ఇంటి నుంచి తెచ్చుకుంది. తెల్లామె అంతా వింటోంది. నేను ఆమె వైపు చూడలేదు.

గైడు తన భాషలో అదంతా చెప్పాడు. కాపలాయన అవ్వ చేతులను చాలాసేపు చూశాడు. తర్వాత చిన్న ప్రశ్న ఒకటి వేశాడు. గైడు దాన్ని నాకు ఇంగ్లీషులో చెప్పడానికి కొంచెం వెనుకాడాడు.

"ఎవరు వద్దంటారు అని అడుగుతున్నాడు."

ఆచారం అందామనుకున్నాను. పెద్దలు అందామనుకున్నాను. బడిలో పిల్లలు అడిగితే ఇట్లాంటివే చెబుతాను. కానీ ఆ ముసలాయన అడిగింది మనిషిని. అవ్వ నా చీర లాగింది.

"ఏమడుగుతుండే ఆయన?"

"నిన్ను ఎవలు వద్దన్నరు అని అడుగుతుండు" అన్నాను.

ఆమె ఆలోచించను కూడా లేదు. "ఎవ్వలు వద్దన్లేదని చెప్పు. నేనే ముంగటికి రాలేదని చెప్పు. మా బిడ్డ మంచిదని చెప్పు."

ఆ మూడు మాటలూ ఇంగ్లీషులో చెప్పడం నాకు కష్టం కాదు. వాళ్ళు నమ్ముతారు కూడా. నా ఎర్ర చేతులు ఎక్కడ పెట్టుకోవాలో తెలియలేదు. తల వంచుకుని గైడుతో, నేనే అన్నాను. అతనికి అర్థం కాలేదేమోనని మళ్ళీ అన్నాను. వద్దనేది నేనే.

గైడు ఆ మాటను ఒక్క ముక్కలో అతనికి చెప్పాడు. కాపలాయన బిళ్ళను కాసేపు చేతిలో తిప్పి, గైడుకు తిరిగి ఇచ్చేశాడు. గోడను నీళ్ళతోనే తుడవమని సైగ చేశాడు. నా వైపు చూడలేదు. పోతూ పోతూ అవ్వ ముందు ఆగి, మా లాగే రెండు చేతులూ జోడించాడు. అవ్వ కూడా పచ్చటి చేతులు జోడించింది.

గైడు, నేను కలిసి గోడ తుడిచాం. చాలావరకు పోయింది. వ్యాను దగ్గరికి నడుస్తుంటే అవ్వ నా పక్కకు వచ్చింది.

"చెప్పినవా, నేన్ చెప్పినట్టే?"

"చెప్పిననే" అన్నాను.

ఆమె నిమ్మళంగా, పచ్చటి చేతులు కొంగు కింద పెట్టుకుని ముందు నడిచింది.