గోధుమరంగు వేసిన కాళ్లు

మా మేనమామ శిలాజాల శాస్త్రవేత్త. కోట్ల ఏళ్ల కిందటి జంతువుల గురించి ఆయన టీవీలో చెబుతుంటే, తిననని మారాం చేసే మా పాప కూడా నోరు తెరుచుకుని కూర్చుంటుంది. ఆ సందు చూసుకుని నేను ముద్ద పెట్టేస్తాను. వీధి పిల్లలందరికీ ఆయన డైనోసార్ తాతయ్య.

మ్యూజియంలో ఆయన పెట్టిన నియమం ఒకటుంది. అస్థిపంజరంలో దొరకని ఎముకను ప్లాస్టర్‌తో పోసి, తెల్లగానే వదిలేయాలి. ఏది దొరికిందో, ఏది మన ఊహో చూసేవాళ్లకు తెలియాలి. తెల్లదాన్ని కొలవొద్దని శిష్యులకు మొదటిరోజే చెప్పేవాడు.

టీవీవాళ్లు పెద్ద అస్థిపంజరం ముందు లైట్లు పెట్టినప్పుడు కెమెరామన్ పెదవి విరిచాడట. దాని రెండు కాళ్లకూ మోకాలి కిందంతా ప్లాస్టరే. "మేజోళ్లు తొడిగినట్టుంది సార్" అన్నాడట. మామయ్య నవ్వేసి, తనే బ్రష్ పట్టుకుని అసలు ఎముకల్లా కనిపించేలా గోధుమరంగు పూశాడు. షూటింగ్ కాగానే కడిగేద్దామనుకున్నాడు. కానీ ఆ ఎపిసోడ్ చూసి జనం మ్యూజియానికి బారులు తీరారు. అచ్చం టీవీలో ఉన్నట్టే ఉందని వాళ్లు మురిసిపోతుంటే కడగడానికి ఆయనకు చేతులు రాలేదు.

కిందటి నెల పాపను తీసుకుని మ్యూజియంలో ఆయన గదికి వెళ్లాను. ఏ రాయి తీసి నోట్లో పెట్టుకుంటుందోనని దాని చెయ్యి వదల్లేదు. అంతలో ఆయన శిష్యురాలు వచ్చింది. పరిశోధన పూర్తయింది, వారంలో సమర్పించాలి. ఆ పెద్ద అస్థిపంజరంలో తొడ ఎముక కంటే కింది ఎముక అంత పొడవుందంటే ఆ జంతువు పరుగులో దిట్ట అయి ఉండాలని తేల్చింది. వచ్చే ఎపిసోడ్‌లో ఆ మాట చెప్పమని సంబరంగా అడిగింది.

నేనూ జంతుశాస్త్రం చదివినదాన్నే. ఆమె వాదనలో నాకు లోపం కనబడలేదు. మామయ్య ముఖం మాత్రం పాలిపోయింది.

"అది ఎముక కాదమ్మా. నేను పోసిందే" అన్నాడు, టేబుల్ అంచు చూస్తూ.

"తెల్లగా లేదుగా సార్?"

"రంగేశాను. టీవీ కోసం."

ఆమె కాగితాల్లో తను రాసుకున్న కొలత వెతికింది. తర్వాత, ఆ పొడవు ఎలా నిర్ణయించారని అడిగింది. పరుగెత్తే జంతువై ఉంటుందనిపించి అలా పోశానని ఆయన ఒప్పుకున్నాడు.

"అంటే మీ ఊహనే మీకు రుజువు చేసి తెచ్చానన్నమాట."

తప్పు తనదేనని టీవీలో చెబుతానని, ఆమె కూడా పక్కన నిలబడితే జనం తనను మరీ తప్పుపట్టరని బతిమాలాడు.

"రంగు మీరొక్కరే వేశారుగా సార్. మీరొక్కరే చెప్పుకోండి" అని ఆమె కాగితాలు తీసుకుని వెళ్లిపోయింది. ఆమె పని మళ్లీ మొదటికొచ్చింది.

నిన్న ఆ ఎపిసోడ్ వచ్చింది. కడిగిన కాళ్ల పక్కన ఆయన ఒక్కడే నిలబడి, నాన్చకుండా అంతా చెప్పాడు. ఆయన మా మామయ్య అని అందరికీ గొప్పగా చెప్పుకున్నదాన్ని, పక్కింటివాళ్లు వింటారేమోనని సౌండు తగ్గించాను. తగ్గించినందుకు ఇంకా సిగ్గేసింది.

"తాతయ్య మనవైపు చూడట్లేదేంటమ్మా?" అంది పాప.

ఎముకల్ని చూస్తున్నాడని చెప్పాను. ఆయన వాటినీ చూడటం లేదు.