ఒక్క పూటలో ముసలివాడైన నాయన

మొన్న కావలి చేపల మార్కెట్లో తడి వల వాసన తగలగానే నా కాళ్లు ఆగిపోయాయి.

కాలం నిలకడ తప్పిన ఏడాది నాకు ఆరేళ్లు. మా సముద్రపు ఒడ్డు ఊళ్లలో ఒక ఇంట్లో తెల్లవారితే పక్కింట్లో ఇంకా సాయంత్రంగానే ఉండేది. పెద్దవాళ్లు భయపడేవారు. పిల్లలం, మాకది వింతగా తోచేది కాదు.

ఒకరోజు పొద్దున నాయన ఒక్కడే పడవేసుకుని వేటకు వెళ్లాడు. పొయ్యి మీద అన్నం ఉడికేలోపే పడవ తిరిగొచ్చింది. అందులోంచి తెల్లగడ్డం ముసలాయన దిగి, భుజాన తడి వలతో మా గుమ్మంలోకి వచ్చాడు.

అమ్మ చేతిలో గరిటె జారిపోయింది. "ఎన్నేళ్లున్నావయ్యా సముద్రంలో?" అంది.

"ఇరవై దాకా లెక్కపెట్టినా. ఒడ్డు కనపళ్లా," అన్నాడాయన. నా వైపు చేతులు చాచాడు.

నేను అమ్మ వెనక దాక్కుని, "తాతా, మా నాయన యాడ?" అన్నాను.

అమ్మ ఏదో చెప్పబోతే ఆయన చెయ్యెత్తి ఆపాడు. "వస్తాడులే పాపా," అన్నాడు.

తర్వాత కాలం కుదుటపడింది. నేను మాత్రం రోజూ సాయంత్రం ఒడ్డుకు వెళ్లి నాయన కోసం చూసేదాన్ని. ఆయనా వచ్చి పక్కన కూర్చుని, నాతోపాటే సముద్రం వైపు చూసేవాడు. తాతా అంటే పలికేవాడు.

నాకు అర్థమయ్యేసరికి ఏడాది పట్టింది. ఇరవై ఏళ్లు మా కోసం ఒడ్డు వెతుక్కున్న మనిషి, ఒడ్డుకొచ్చాక కూడా, నేను నాయనా అని పిలిచేదాకా ఎదురుచూశాడు.