వెటిని అడిగిన బెంచీ

మా పిన్ని కొడుకు వెటిని గురించి ఓడల్లో విహారానికొచ్చే జనం ఫోనుల్లో ఎంత గొప్పగా రాస్తారో చెప్పలేను. "అసలైన మావోరీ మనసు" అని ఒకావిడ రాసిందట. దాన్ని అచ్చు వేయించి బస్సు అద్దానికి అంటించుకున్నాడు. ఆ మనసు సంగతి నన్నడగాలి. చిన్నప్పుడు మా ఇద్దరికీ ఒకే వేడినీళ్ల తొట్టిలో స్నానాలు చేయించేవారు. నా సబ్బు కాజేసి, వాడే ముందుగా ఏడుపు లంకించుకునేవాడు. యాభై మూడేళ్లొచ్చాయి, ఆ అలవాటు మాత్రం పోలేదు.

వాడు పుట్టింది ఊరందరి వేడినీళ్ల స్నానాల షెడ్డు నుంచి మూడో ఇంట్లో. ఇప్పటికీ అక్కడే ఉంటాడు. పదిహేనో ఏట బడి మానేసి కలప మిల్లులో చేరాడు. మిల్లు మూతపడ్డాక ఆరేళ్లు ఏ పనిలోనూ కుదురుగా నిలవలేదు. ఆ తరవాత టౌరంగా రేవులో ఓడ దిగిన జనాన్ని బస్సులో రొటోరువా తెచ్చి, మా ఊరు చూపించే గైడు పని దొరికింది. మెళ్లో బిళ్ల, చెవి దగ్గర మైకు. ఆ మైకు తగిలించుకున్న రోజు నుంచి వాడి నోటికి అడ్డూ ఆపూ లేకుండా పోయింది.

ఓడవాళ్ల లెక్కలో మా ఊరంటే ఇంతే. నేలలోంచి పొగలు కక్కే ఆవిరి గుండాలకు నలభై నిమిషాలు, మావోరీ సంస్కృతికి ముప్పై అయిదు, తిండికి ఇరవై, మరుగుదొడ్డికి పది. మరుగుదొడ్డి దగ్గర ఎవరైనా ఆలస్యం చేస్తే ఆ నిమిషాలను సంస్కృతిలోంచి కోస్తారు. సాయంత్రానికల్లా మళ్లీ ఓడలో ఉండాలి, లేకపోతే అది వదిలేసి పోతుంది. వదిలేస్తే వీళ్లను ఎక్కడ పెట్టుకోవాలో మాకు తెలీదు, అదొక్కటే నా భయం.

వెటిని బురద గుండం దగ్గర ఆగి, "మా అమ్మమ్మ రోజూ ఈ బురద మొహానికి రాసుకుని నూటనాలుగేళ్లు బతికింది" అంటాడు. మా అమ్మమ్మ అరవై ఒకటో ఏట చక్కెర జబ్బుతో పోయింది. ఆ బురద మా కాళ్లకు అంటితేనే చెవి మెలిపెట్టేది. పొట్ట నిమురుకుంటూ, "కిందటి బస్సువాళ్లు కాస్త ఉప్పగా ఉన్నారు" అంటాడు. జనం పొట్టలు పట్టుకుని నవ్వుతారు. ముక్కులు మూసుకుని మరీ నవ్వుతారు, ఆ గంధకం వాసన మేమే వదిలినట్టు.

నేను ఆ పక్కనే మరిగే గుండంలో మొక్కజొన్న కండెల సంచి వేలాడదీసి ఉడికించి అమ్ముతాను కాబట్టి ఈ కోతలన్నీ నా చెవినే పడతాయి. ఒకసారి ఉండబట్టలేక అడిగాను.

"ఒరే, అమ్మమ్మ ఎప్పుడు పోయిందో నీకు గుర్తులేదా?"

"ఎందుకు లేదే? అరవై ఒకటంటే ఎవడు ముచ్చటపడతాడు?"

"ముచ్చటపడకపోతే ఏం కొంపలు మునిగాయిరా?"

"నీ కండెలు ఎవడు కొంటాడు మరి?" అన్నాడు పళ్లికిలించి. ఆ మాట నిజమే. అందుకే మరీ ఒళ్లు మండింది.

ఇలాంటివాడికి ఒక పెద్ద ఆశ ఉంది. మా సభాగృహం ముందు రెండు బెంచీలు ఎదురెదురుగా ఉంటాయి. ఒకటి ఊరి తరఫున మాట్లాడే పెద్దలది, రెండోది వచ్చినవాళ్లది. కిందటి చలికాలం మా చిన్నతాత పోయాక ఊరి బెంచీ మీద ఒక చోటు ఖాళీ అయింది. వెటినికి ఆ చోటు కావాలి. చిన్నతాత మాట్లాడేటప్పుడు పట్టుకునే చేతికర్రను అప్పుడే మూడుసార్లు చేత్తో పట్టుకుని చూశాడు, ఎవరూ లేరనుకుని. నిజం ఒప్పుకోవాలి, వాడికి గొంతుంది. ఇరవై తరాల పేర్లు తడుముకోకుండా చెబుతాడు. మైకు తీసేస్తే మనిషే. కానీ తియ్యడే.

ఆ చోటు ఎవరిదో ఎండాకాలం చివర తేలుస్తారు. తేల్చేది మా ఇద్దరి పెద్దమ్మ, మెరెపెక. ఆవిడకు డెబ్బై ఎనిమిదేళ్లు. బయటివాళ్లెవరొచ్చినా మా ఊరి మొగదల చెక్క తోరణం దగ్గర ఆగాలి. ఊరి ఆడమనిషి గొంతెత్తి పిలిచేదాకా లోపలికి అడుగు పెట్టకూడదు. నలభై ఏళ్లుగా ఆ పిలుపు పెద్దమ్మది. ముందు వచ్చినవాళ్లను పిలుస్తుంది, తరవాత వాళ్లను కనపడకుండా వెన్నంటి వచ్చే, వాళ్లింట్లో చనిపోయినవాళ్లను పిలుస్తుంది. ఓడ బస్సులకు మాత్రం ఆ రెండోది ఉండదు, టైము చాలదని వెటిని మాన్పించాడు. "పోన్లే, మనవాడే కదా" అని పెద్దమ్మ ఊరుకుంది.

మనవాడే కాబట్టి వాడు ఆ పిలుపు కోసం నిలబడడు. బస్సు జనాన్ని తోరణం దగ్గర వదిలి, స్నానాల షెడ్డు పక్క సందులోంచి లోపలికొచ్చి, కోటు మార్చుకుని మా వైపు నిలబడతాడు. తోరణం పరాయివాళ్లకు, సందు మాకు.

జనవరిలో, అంటే మాకు నడి ఎండాకాలం, ఒక సోమవారం గోర్డన్ అని ఒక పెద్దాయన వచ్చాడు. ఊళ్లోకి వచ్చే బస్సుకు ఒక నాయకుడుండాలని వెటిని దారిలో ఎన్నిక పెడతాడు, అదో ఆట. ఆ రోజు ఈయన గెలిచాడు. ఎక్కడో నేల పలకల దుకాణం నడిపి మానేసిన మనిషి. తలమీద ఓడవాళ్లిచ్చిన టోపీ. గుండెలకు రెండు చేతులా ఆనించి పట్టుకున్న ఒక ఆడమనిషి ఫోటో, చట్రం కట్టినది.

అలా ఫోటోను గుండెలకు హత్తుకుని తోరణం కింద నిలబడితే మా దగ్గర దానికి ఒకటే అర్థం. పోయినవాళ్లను వెంట తెచ్చుకున్నారని.

పెద్దమ్మ చూసింది. మొదలుపెట్టిన పిలుపు మధ్యలో ఆపి, ఊపిరి తీసుకుని, ఓడ బస్సులకు ఎన్నడూ పిలవని పిలుపు పిలిచింది. "నీ ఇంటివాళ్లను వదిలి వచ్చిన తల్లీ, మా తల్లుల దగ్గరికి రా" అంది. వెనకున్న ఆడవాళ్లందరూ అందుకున్నారు. నేను కండెలు గుండానికే వదిలేసి పరిగెత్తాను. ఫోటోను ఆయన చేతుల్లోంచి అందుకుని సభాగృహం వసారాలో, మా పోయినవాళ్ల ఫోటోల వరసలో పెట్టాం. మా అమ్మ పక్కన. ఇరవై నిమిషాలు ఏడ్చాం. బస్సు జనం మొదట తెల్లబోయి, తరవాత ముక్కులు చీదుతూ ఫోనులు పైకెత్తారు. గోర్డన్ కూడా కళ్లు తుడుచుకున్నాడు.

వెటిని మా వైపు నిలబడి, తల వంచి, చెయ్యి కళ్లకు అడ్డం పెట్టుకున్నాడు. సిగ్గులేకుండా చెబుతున్నాను, ఆ నిమిషాన నాకు వాడు ఆ బెంచీకి తగినవాడే అనిపించింది.

తిండి దగ్గరికి వచ్చేసరికి గోర్డన్ ఆ ఫోటోను వసారాలోంచి మళ్లీ తెచ్చేసుకున్నాడు. తెచ్చి అన్నం బల్ల మీద, నా కండెల గిన్నెకు ఆనించి నిలబెట్టి, వెనకనుంచి ఆవిరి కూడా పడేలా ఫోనుతో ఫోటో తీస్తున్నాడు. పోయినవాళ్ల బొమ్మ తిండి బల్ల మీద. మా దగ్గర అది మహాపచారం. మెల్లగా తీసి ఆయన చేతికిచ్చాను.

"ఆవిడ పోయి ఎన్నాళ్లయిందండీ?" అన్నాను.

"ఎక్కడికి పోవడం? మా ఆవిడ మార్జరీ ఓడలోనే ఉందమ్మా. సముద్రం పడక వాంతులు. నేను రాలేను, నా ఫోటో పట్టుకెళ్లి ప్రతిచోటా పెట్టి తియ్యి, ఆల్బంలో ఖాళీ ఉండకూడదు అంది" అన్నాడు.

"మరి అలా గుండెలకు పట్టుకుని..."

"మీ వెటినే చెప్పాడు. మామూలుగా పట్టుకోకండి, గుండెల దగ్గర పట్టుకోండి, మా వాళ్లు చాలా బాగా చేస్తారు అన్నాడు. నిజమే, ఎంత బాగా చేశారు. మార్జరీ చూస్తే మురిసిపోతుంది."

పెద్దమ్మ నా వెనకే ఉంది, రొట్టె ముక్క చేత్తో పట్టుకుని. అంతా వింది.

బతికున్న మనిషి బొమ్మను పోయినవాళ్ల పక్కన పెట్టం మేం. పెడితే ఆ మనిషికి మంచిది కాదు. పెట్టడమే కాదు, పెద్దమ్మ నోరారా పిలిచింది కూడా. చావు అంటును వదిలించేవి నీళ్లూ తిండే కాబట్టి, ఫోటోను కుళాయి దగ్గరికి తీసుకెళ్లి చన్నీళ్లు చిలకరించింది. రొట్టె దాని అద్దానికి తాకించి తాను తింది. "ఆవిడకు ఫోన్ చెయ్యండి, ఇప్పుడే" అంది గోర్డన్‌తో. ఆయనకు ఏమీ అర్థం కాకపోయినా చేశాడు.

"గోర్డన్, ఏం కొన్నావు? ఏమీ కొనొద్దని చెప్పానా లేదా?" అంది ఫోనులో ఆ మహాతల్లి.

పెద్దమ్మ ఆ గొంతు విని మెట్టు మీద కూలబడింది. "ఏమన్నా తినమనండి" అని మాత్రం అంది.

వెటిని వచ్చాడు, గడియారం చూసుకుంటూ. "పెద్దమ్మా, చూశావా జనం ఎలా ఏడ్చారో. ఇన్నేళ్లలో ఇంత బాగా ఎప్పుడూ కుదర్లేదు" అన్నాడు.

"ఆవిడ బతికుందని నీకు తెలుసా?" అంది పెద్దమ్మ.

వాడు మళ్లీ గడియారం చూసుకున్నాడు. "తెలుసనుకో. కానీ నువ్వు మొదలుపెట్టేశాక మధ్యలో ఎలా ఆపను? నీకే నామర్దా కదా" అన్నాడు. ఫోటో గుండెల దగ్గర పట్టుకోమన్నది తానే అన్న ముక్క మింగేశాడు. ఆ అబద్ధం కూడా పెద్దమ్మ మీదే ప్రేమ ఉన్నట్టు చెప్పాడు చూడండి, అక్కడ నాకు వాడి మొహాన కండెల నీళ్లు కొట్టాలనిపించింది.

పెద్దమ్మ లేచి మిగిలిన జనానికి రొట్టెలు వడ్డించడానికి వెళ్లింది. అది చూసి వాడు గండం గడిచిందనుకున్నాడు.

గురువారం మళ్లీ ఓడ వచ్చింది. పొద్దున్నే పెద్దమ్మ నల్లబట్టలు కట్టుకుని నా దగ్గరికొచ్చి, "రూబీ, ఇవాళ నీ కండెలు సందులో పెట్టుకో" అంది. ఎందుకని అడగలేదు. సందు మూరెడు వెడల్పు. నేను మూరెడు కంటే ఎక్కువే ఉంటాను.

వెటిని ఎప్పటిలా బస్సు జనాన్ని తోరణం దగ్గర వదిలి, కోటు భుజాన వేసుకుని వచ్చాడు.

"తప్పుకోవే, టైమవుతోంది."

"ఇటు దారి లేదు."

"ఏం, నీ బాబు కట్టించాడా?"

"మా తాత కట్టించాడు. నీకూ తాతే, మొన్నటిదాకా. పెద్దమ్మ అటునుంచి రమ్మంది."

వాడు భుజం ముందుకు పెట్టి చూశాడు, నేను జరుగుతానేమోనని. నేను కండె ఒకటి ఒలుచుకున్నాను. తిరిగి వెళ్లి తోరణం కింద నిలబడ్డాడు, నలభై మంది టోపీల మధ్య.

ఓడ బస్సు వచ్చినప్పుడల్లా పెద్దమ్మ "అతిథులారా, రండి" అని పిలుస్తుంది. ఆ రోజు వాడు వెళ్లి నిలబడేదాకా నోరు విప్పలేదు. నిలబడ్డాక వాణ్నే చూస్తూ, "ఎక్కడో దూరాన్నుంచి వచ్చిన అతిథీ, రా" అని పిలిచింది. మాట ఒక్కరికి తగ్గించింది. టోపీలవాళ్లకు తేడా తెలీలేదు. వాడికి తెలిసింది. పిలిస్తే రాకుండా ఉండే వీల్లేదు. వచ్చాడు, తల వంచుకుని, వాళ్లతో పాటు అడుగులో అడుగు వేస్తూ.

వచ్చినవాళ్ల బెంచీ మీద కూర్చున్నాడు. మైకు తీసేశాడు. వాళ్ల తరఫున లేచి మాట్లాడాడు కూడా, చాలా బాగా మాట్లాడాడు. అంత బాగా వాడు ఎప్పుడూ మాట్లాడలేదు. ఎదురుగా చిన్నతాత చోటు ఖాళీగా కనిపిస్తూనే ఉంది.

చివర్లో వచ్చినవాళ్లందరూ వరసలో వచ్చి మాతో ముక్కుకు ముక్కు ఆనించి పలకరించాలి. వాడు అందరికంటే వెనక వచ్చాడు. పెద్దమ్మ వాడి మెడ మీద చెయ్యి వేసి, ముక్కు ఆనించి, కొత్తవాళ్లను అడిగినట్టే అడిగింది.

"ప్రయాణం సుఖంగా జరిగిందా? మీది ఏ ఊరండీ?"

పెద్దమ్మ భుజం మీదుగా చూస్తే స్నానాల షెడ్డు, దాని అవతల మూడో ఇల్లు, తాడు మీద వాడి చొక్కాలు కనిపిస్తున్నాయి. వాడు అటే చూశాడు. నేను వాడి నోటి వంకే చూశాను, ఏదో ఒక అబద్ధం వస్తుందని.

"బస్సులో వచ్చానండీ" అన్నాడు.